చెడిన కాగితాల పుస్తకం

ఆలస్యం: 120 రోజులు. చెడిన కాగితాలు: రెండు. కారణం: చెయ్యి జారింది.

ఈ పుస్తకం కిందూరు గాలి శాఖ ముద్రశాలది. ముద్ర సరిగా దిగక పాడైన ప్రతి కాగితానికీ ఇందులో కారణం రాయాలి. రాయాల్సింది నేను, ముద్ర ఆపరేటర్ కూర్మారావుని. వయసు నలభై ఏడు. ఎనిమిదో తరగతి రెండుసార్లు చదివాను, రెండుసార్లూ అక్కడే ఆగాను. పదకొండేళ్ళుగా ఈ పుస్తకం తెరిచి చూసిన అధికారి లేడు. అంచేత మనసులో మాట దాచుకోవడానికి, సముద్రం అడుగున కట్టిన మా కిందూరులో ఇంతకన్నా మంచి చోటు లేదు.

ఇవాళ పొద్దున సన్యాసమ్మకి మూడో తలుపు తెరుచుకోలేదు.

సన్యాసమ్మ వాసన పరీక్షకురాలు. షిఫ్టుకి ముందు సొరంగాలన్నీ నడిచి, గాలి వాసన చూసి, బాగుంటే తలుపు పక్క పలక మీద సున్నంతో గీత పెడుతుంది. ఆ గీత లేకపోతే ఒక్కడూ లోపలికి అడుగు పెట్టడు. గాలి కొలిచే యంత్రాలు మాకు నలభై ఉన్నాయి. ఏడో సొరంగంలో పదకొండు మంది పడిపోయిన రోజున ఆ నలభయ్యీ గాలి భేషుగ్గా ఉందనే చెప్పాయి. అప్పట్నించి ముక్కుకి ఉద్యోగం వచ్చింది.

ఆమె తలుపు మీద బొటనవేలు పెట్టింది. తలుపు ఆడగొంతుతో, "మీ పోస్టు రద్దయింది, పక్కకు తొలగండి" అంది.

వెనకాల ముప్ఫై మందిమి క్యారేజీలు పట్టుకుని ఉన్నాం. సన్యాసమ్మ వెనక్కి తిరిగి నన్ను వెతికి పట్టుకుంది.

"ఒరే కూర్మం, తలుపుకి కూడా పాటం నేర్పీసినావేటిరా!"

అందరూ గొల్లుమన్నారు. నేనూ నవ్వాను, సగం. తలుపు చేత మాట్లాడించే విద్య నాకు రాదు.

సూపరింటెండెంటు త్రినాథ పాత్రో గారు ఫైలుతో వచ్చారు. ఆర్డరు ఇచ్చి ఆరు నెలలైందట, అమలు ఇవాళ్టి నుంచట. అందినట్టు సన్యాసమ్మ సంతకం కూడా ఉంది. ఆమె ఆ సంతకం చూసుకుని, మళ్ళీ నా వైపు చూసింది. ఈసారి నవ్వలేదు. నేను బూటు తాడు కట్టుకోవడానికి వంగాను. మా బూట్లకి తాళ్ళుండవు.

ఆలస్యం: 121. చెడిన కాగితాలు: లేవు.

నిన్న రాయనిది ఇవాళ రాస్తాను.

యంత్రాలు ఎవరి గొంతునైనా, ఎవరి సంతకాన్నైనా దించేయడం నేర్చాక పైనున్న సర్కారు విసిగిపోయి పాత దారికి వచ్చేసింది. నాచు కాగితం మీద ఇనుప ముద్ర దిగితేనే ఆర్డరు. మిగతాదంతా పుకారు. కిందూరులో ఆ ముద్ర దించే చెయ్యి నాది. ఎనిమిదో తరగతి తప్పినవాడి చేతిలో అలాంటి సాధనం పెడితే ఏం జరగాలో అదే జరిగింది.

ఏడాదికి మూడో నాలుగో దొంగ ఆర్డర్లు దించుతాను. కాగితాన్ని చెడినదిగా రాసేస్తాను. రెండో వాసన పరీక్షకుడు దాలినాయుణ్ణి తిమింగలాల జనాభా లెక్కకి బదిలీ చేశాను. పాత్రో గారి మీసం శాఖ కొలతకి మించి ఉందని సంజాయిషీ అడిగాను. మా దగ్గర దీనికో ఆట పుట్టింది. దొంగ ఆర్డరు అందినవాడు ఉడుక్కోకూడదు, విచారించకూడదు. "ఇది నిజమేనా?" అని ఆఫీసులో అడిగినవాడు ఓడినట్టే. ఓడినవాడు ముప్ఫై నలుగురికీ టీ, నాచు పకోడీ తినిపించాలి.

మూడేళ్ళ క్రితం సన్యాసమ్మకి ఒకటి ఇచ్చాను. 'తమరి ముక్కును శాఖ ఆస్తిగా స్వాధీనపరచుకుంటున్నాము. సెలవు రోజుల్లో కార్యాలయంలో అప్పగించి వెళ్ళవలెను.' ఆమె లబోదిబోమంటూ పాత్రో గారి దగ్గరికి పరుగెత్తింది. పకోడీలు వేయిస్తూ ఆ రోజే చెప్పింది:

"ఇంక నా సావు ఆర్డరు ఇచ్చినా అడగన్రా. నన్ను మళ్ళా ఓడించలేవు."

అందుకే ఆరు నెలల క్రితం పోస్టు రద్దు కాగితం వస్తే, చదివి నవ్వుకుని, ముక్కు ఆర్డరు పక్కనే గదిలో అల్మరా తలుపుకి అతికించుకుంది. ఇంతవరకూ ఆమె తప్పు.

తర్వాతిది నాది. ఆ సాయంత్రం టీ దగ్గర నా భుజం మీద ఒకటి చరిచి, "బావున్నాదిరా ఈపాలి నీ ఆర్డరు. నిజం దానిలాగే రాసినావు. నీ పనే కదేటి?" అంది.

నాకు ఆ ఆర్డరు సంగతే తెలియదు. కాగితాలు నా దగ్గరికి మడిచి వస్తాయి, ముద్ర పడే కొస మాత్రం బయటికి ఉంటుంది. లోపల చదవకూడదని నియమం. నియమం లేకపోయినా చదివే రకాన్ని కాను. ఎవడో నన్ను చూసి నేర్చుకుని నా దగ్గరికొచ్చే కాగితాల మధ్య ఒకటి దూర్చాడు, పేరు మాత్రం నాకొచ్చింది, వచ్చిన పేరు ఎందుకు వదలాలి అనుకున్నాను. కన్నుకొట్టి, "ఇంకెవడికి వస్తాదప్పా ఇలాంటి బుర్ర?" అన్నాను.

ఆమె అడిగింది. నేను అబద్ధం చెప్పాను. అదీ సంగతి.

ఆలస్యం: 124. చెడిన కాగితాలు: ఒకటి. కారణం: తేమ.

పోస్టు లేనివాళ్ళకి, ఇక్కడ ఉండనిచ్చే గాలి కార్డు నలభై అయిదు రోజులే. ఆ తర్వాత పైకి వెళ్ళిపోవాలి. సన్యాసమ్మ పైన ఉండి ఇరవై రెండేళ్ళైంది. యాభై మూడేళ్ళ వయసులో పైన ఆమె ముక్కుతో ఎవరికేం పని? అక్కడ గాలి ఊరికే దొరుకుతుంది.

మధ్యాహ్నం నేనే ఆమెను గౌరీశు దగ్గరికి తీసుకెళ్ళాను. గౌరీశు కిందూరు మొత్తానికి ఒకే అర్జీల రాతగాడు. పంపుల గది మూల బల్ల వేసుకుని ఉంటాడు. కాగితాలు చదివి ఎగిరి గంతేశాడు.

"అప్పా, నీ కేసు బంగారం! ముక్కు పోస్టులు రెండు, తీసేది ఒకటి. కొత్తగా చేరినవాడినే తియ్యాలి. నువ్వు దాలినాయుడి కన్నా తొమ్మిదేళ్ళు ముందు చేరినావు. వీళ్ళేమో నీ సర్వీసు చేరిన రోజు కాకుండా ఊరికి రెండో గుమ్మటం కట్టిన కాడ్నించి లెక్కేసి నిన్ను వెనక్కి తోసీసినారు. ఒక్క పూట పని!"

తర్వాత తేదీ చూసి బల్ల మీద చతికిలబడ్డాడు.

"ఆర్డరు అందిన కాడ్నించి అరవై రోజుల్లో సవాలు చెయ్యాల. నీకు నూట ఎనబై నాలుగు. అంటే ఆలస్యం నూట ఇరవై నాలుగు."

"మరి నా తలుపు మూసింది మొన్నే కదరా!" అంది సన్యాసమ్మ.

"తలుపు ఎప్పుడు మూసినారని కాదప్పా, కాగితం ఎప్పుడు అందిందని చూస్తారు."

"ఈ నాలుగు రోజుల్లో పాత్రో గారికి మూడు వినతులు పెట్టినాను. పరిశీలిస్తానన్నారు."

"ఆయన పరిశీలిస్తానే ఉంటారు. వినతి పెడితే గడియారం ఆగదు."

ఈ పుస్తకంలో పైన ఆలస్యం లెక్కలు ఇవాళే వెనక్కి వేసుకున్నాను. గౌరీశు అర్జీ ఇవాళే పెట్టేశాడు. కానీ అందులో ఒక పట్టిక ఉంది. ఆలస్యమైన ప్రతి రోజుకీ విడిగా కారణం రాయాలి. రోజుకో గడి. విచారణ రోజుకి అది నింపి ఇవ్వాలి; అది నిండేదాకా ఆలస్యం లెక్క ఆగదు. మొదటి గడిలో ఏం రాయాలని గౌరీశు అడిగాడు.

సన్యాసమ్మ నా వైపు చూడలేదు. అది చూడటం కన్నా ఘోరంగా ఉంది.

"ఆలోచించి సెప్తాను" అని లేచిపోయింది.

ఆలస్యం: 127. చెడిన కాగితాలు: పదహారు. కారణం: కింద చూడండి.

ముద్రను ఆటకి వాడినట్టు తేలితే నా ఉద్యోగం పోతుంది. దాంతో నా గాలి కార్డూ పోతుంది. కాబట్టి నిజం చెప్పకుండా పట్టిక నింపే ఉపాయం ఆలోచించాను. రెండు రోజులు కూర్చుని నూట ఇరవై గడులకీ కారణాలు రాశాను. మొదటి రోజు జలుబు. రెండో రోజు జలుబు ముదిరింది. మూడో రోజు తుమ్ములు. పదో రోజుకి తగ్గినట్టే తగ్గి తిరగబెట్టింది. ముప్ఫయ్యో రోజున ఎడమ ముక్కు మూసుకుపోయింది. నా మట్టుకు నాకు ముచ్చటేసింది.

తీసుకెళ్ళి చూపించాను. సన్యాసమ్మ రెండు పేజీలు చదివింది.

"ఒరే తెలివైనోడా. నాది ఏటి పోస్టు?"

"ముక్కు పోస్టు."

"నూట ఇరవై రోజులు ముక్కు పనిచెయ్యలేదని నా చేత్తో నానే రాసిస్తే, ఆ జడ్జీ గారు పోస్టు ఇస్తారేటి, ఆస్పత్రికి పంపుతారేటి?"

పదహారు కాగితాలూ చింపి నా జేబులో కుక్కింది.

ఆలస్యం: 131. చెడిన కాగితాలు: లేవు.

ముద్రకి నూనె రాస్తుంటే దాలినాయుడు వచ్చాడు. పక్కన స్టూలు లాక్కుని కూర్చున్నాడు. ఉన్న ఒక్క ముక్కు పోస్టులో ఇప్పుడున్నది ఇతనే.

"కూర్మన్నా, నానేటి తప్పు చేసినాను చెప్పు. పోస్టు నాదని కాగితం ఇచ్చినారు. అరవై రోజులు చూసినాను, ఎవరూ సవాలు చెయ్యలేదు. అప్పుడు కదా పైన గది వదిలీసి మా ఆవిడ్ని, అత్తని కిందకి తెచ్చుకున్నాను? ఇప్పుడు అప్ప గెలిస్తే మా ముగ్గురం ఎక్కడికి పోవాల?"

ఆలస్యం అంటే సన్యాసమ్మ నష్టమనే అనుకుంటూ వచ్చాను. ఈ నూట ఇరవై రోజుల్లో దాలినాయుడి అత్త కుళాయి పక్కన కుండీలో పుదీనా వేసింది. అది మూరెడు ఎదిగింది కూడా. గడువు ఎందుకు పెట్టారో మొదటిసారి అర్థమైంది. సన్యాసమ్మ మాట్లాడని ప్రతి రోజూ అతను ఒక మేకు దిగ్గొట్టుకున్నాడు. ఆమె నోరు మూసింది నేను.

"అప్ప మీద నాకేటీ కోపం లేదు. పొద్దున్న ఐదో సొరంగంలో నాకు అనుమానం వస్తే వెళ్ళి అప్పనే అడిగినాను. నాను తలుపు తీస్తే పాపం వచ్చి వాసన చూసి, కుళ్ళిన నాచురా, భయం లేదు అని చెప్పి పోయింది" అన్నాడు దాలినాయుడు. పోస్టు లేకుండానే వచ్చింది సన్యాసమ్మ.

ఆలస్యం: 137. చెడిన కాగితాలు: పాతవి నలభై మూడు. కారణం: నేను.

రేపు బోను దిగుతుంది. బోనంటే పైనుంచి వచ్చే లిఫ్టు. నలభై రోజులకి ఒకసారి శనగపిండి, టీపొడి, మందులు, ధర్మాసనం అందులోనే వస్తాయి. జడ్జీ గారు మాత్రం బయటికి రారు. ఒకసారి మా గాలిలోకి వస్తే మళ్ళీ పైకి వెళ్ళడానికి పదకొండు రోజులు ఒత్తిడి గదిలో కూర్చోవాలి. అందుకని అద్దం వెనకాలే కూర్చుని గొట్టంలోంచి వాదనలు వింటారు. ఇక్కడ బోనులో ఉండేది జడ్జీ గారు, బయట తిరిగేది మాలాంటి దొంగలు.

సన్యాసమ్మ పట్టిక ఇంకా ఖాళీగానే ఉంది.

ఈ పుస్తకం మొదట్నుంచి తిరగేశాను. పదకొండేళ్ళలో నలభై మూడు దొంగ ఆర్డర్లు. ఒక్కోదాని ముందూ 'తేమ', 'సిరా కారింది', 'అంచు చిరిగింది' అని నా కోడికాళ్ళ రాత. ఒక్కో కారణాన్నీ కొట్టేసి, ఎవరికి ఏ ఆర్డరు ఇచ్చానో పక్కన నిజం రాసుకుంటూ వచ్చాను. సాయంత్రం టీ గంట కొట్టేలోగా పూర్తయింది.

ఆలస్యం: 138. చెడిన కాగితాలు: లేవు.

జడ్జీ గారు అరవై దాటిన ఆవిడ. బోను అద్దం మీద ఆవిరి పడితే మాటిమాటికీ కొంగుతో తుడుచుకుంటున్నారు. ముందు పాత్రో గారు మాట్లాడారు. ఆర్డరు అందినట్టు సంతకం ఉంది, గడువు దాటింది, దాలినాయుడు స్థిరపడ్డాడు, ఆలస్యానికి కారణమే రాయలేదు, కొట్టేయండి అన్నారు.

"సన్యాసమ్మ గారూ, సీనియారిటీ విషయంలో మీ వైపు న్యాయం ఉన్నట్టే కనిపిస్తోంది. కానీ ముందు ఆలస్యం సంగతి చూడాలి. ఆర్డరు అందాక ఏం చేశారు?"

"పని చేసుకున్నానండి."

"ఎవరినీ అడగలేదా?"

"అడిగినానండి. ఒకడిని."

"ఎవరిని?"

సన్యాసమ్మ నేల చూస్తూ నిలబడింది. గౌరీశు ఆమె మోచేతిని పొడిచాడు.

నేను ముందుకెళ్ళి గొట్టం అందుకున్నాను. "నన్నేనండి."

"మీరేం చెప్పారు?"

"అది నా పనేనని చెప్పానండి. దొంగ ఆర్డరని."

"మీ పనేనా?"

"కాదండి. మెచ్చుకుంటుంటే కాదనబుద్ధి కాలేదండి."

ఈ పుస్తకాన్ని అరలోంచి లోపలికి తోశాను. ఆవిడ కళ్ళజోడు మార్చుకుని అరగంట చదివారు. ముక్కు స్వాధీనం దగ్గర అద్దం మీద ఆవిరి ఒక్కసారిగా ఎక్కువైంది. తుడుచుకుని మళ్ళీ గంభీరంగా కూర్చున్నారు.

"ఆ రెండు కాగితాలూ ఉన్నాయా?"

సన్యాసమ్మ సంచిలోంచి తీసింది. రద్దు ఆర్డరు, ముక్కు ఆర్డరు. జడ్జీ గారు, రాత ఉన్న భాగాలు లోపలికి మడిపించి, ముద్రలు మాత్రం కనిపించేలా పాత్రో గారి ముందు పెట్టించారు.

"ఇందులో శాఖ ఇచ్చింది ఏది?"

పాత్రో గారు కుడిదాన్ని పట్టుకున్నారు. వదిలి ఎడమదాన్ని పట్టుకున్నారు. దీపం దగ్గరికి తీసుకెళ్ళి వెనకా ముందూ చూశారు. చివరికి ఎడమదని చెప్పారు. విప్పితే ముక్కు.

ఎవరూ నవ్వలేదు. మా ఊళ్ళో ముప్ఫై నలుగురు ఒక చోట చేరి నవ్వకపోవడం అదే మొదలు.

"ముద్రశాల మీ కింద ఉంది. ఆర్డరు ఇచ్చిన మీరే పోల్చుకోలేకపోయారు. అందుకున్న ఆమె పోల్చుకోలేదని తప్పు పడుతున్నారా?"

పాత్రో గారు మీసం తడుముకున్నారు.

"తలుపు మూసిన రోజు వరకు నూట ఇరవై అనుకుందాం. ఆ తర్వాత పద్దెనిమిది రోజులు? నిజం తెలిశాక కూడా పట్టిక ఎందుకు ఖాళీగా ఉంది?"

"అవి నావండి" అన్నాను. "నేను చెప్తానో లేదోనని ఆమె చూసింది. నేను జలుబు రాస్తూ కూర్చున్నాను."

"చదివాను" అన్నారు ఆవిడ. "ఎడమ ముక్కు మూసుకుపోవడం వరకూ చదివాను."

మధ్యాహ్నం టీకి ముందే తీర్పు చెప్పేశారు. ఆలస్యం మన్నించారు. సర్వీసు చేరిన రోజు నుంచి లెక్కేసి పోస్టు సన్యాసమ్మకి ఇవ్వమన్నారు. దాలినాయుడు గడువు దాటేదాకా ఆగి మరీ కాపురం పెట్టాడు కాబట్టి అతన్ని పైకి పంపకూడదు, శాఖలో వచ్చే మొదటి ఖాళీ అతనిదే అన్నారు.

"ఖాళీ ఎప్పుడొస్తుందో చెప్పలేమండి" అన్నారు పాత్రో గారు.

జడ్జీ గారు ఈ పుస్తకాన్ని అరలోంచి బయటికి తోస్తూ నా వైపు చూశారు. "ఎక్కువ రోజులు పట్టదులెండి."

బయటికి నడుస్తుంటే సన్యాసమ్మ నా పక్కకి వచ్చింది.

"నా పేరు మొదటి రోజే చెప్పీవచ్చు కదప్పా" అన్నాను.

"చెప్తే నీ పని పోతాది. చెప్పకపోతే నా పని పోతాది. ఎవుడి పని పోవాలో నానెందుకు తేల్చాల? నోరు నీకున్నాది కదేటి."

"నేను చెప్పకపోతే?"

"పైకి ఎల్లిపోదును. ఎల్లిపోయే ముందు నీ క్యారేజీలో కుళ్ళిన నాచు పెట్టీసి మరీ ఎల్దును."

ఆలస్యం: లేదు. చెడిన కాగితాలు: లేవు.

పొద్దున మూడో తలుపు పక్క పలక మీద సున్నం గీత చూశాను. నిటారుగా, కొస కొంచెం ఎడమకి వంగి. సన్యాసమ్మ గీతే.

ముద్రశాలకి ఒకే కాగితం వచ్చింది, మడిచి. పాత్రో గారు పక్కనే నిలబడ్డారు. ముద్ర దించాను. పదకొండేళ్ళలో ఇంత శుభ్రంగా ఎప్పుడూ దిగలేదు.

"ఇది విప్పి చదువుకోవచ్చు" అన్నారు. నా మీద విసుక్కోని రోజు లేని మనిషి, ఇవాళ గొంతు తగ్గించి అన్నారు.

ముద్ర దుర్వినియోగం, తక్షణం తొలగింపు, గాలి కార్డు నలభై అయిదు రోజులు, సవాలు చేయడానికి గడువు అరవై రోజులు. నలభై అయిదు రోజులు మాత్రమే ఊపిరి తీసుకోగలవాడికి అరవై రోజుల గడువు ఇచ్చినవాడు నాకన్నా పెద్ద ఆటగాడు. ఖాళీ అయిన పోస్టు దాలినాయుడికి ఇస్తున్నట్టు కిందే రాశారు. ముద్ర ఎలా దించాలో వాడికి గంటసేపు చూపించాను. ఈ పుస్తకం ఎక్కడుంటుందో కూడా చెప్పాను.

"చదవను కూర్మన్నా" అన్నాడు.

"చదువు" అన్నాను.

తర్వాత ఆర్డరు పట్టుకుని ఆఫీసుకి వెళ్ళాను. షిఫ్టు మారే వేళ, అందరూ అక్కడే ఉన్నారు. పాత్రో గారి బల్ల ముందు నిలబడి అందరికీ వినపడేలా అడిగాను.

"అయ్యా, ఇది నిజమేనాండి?"

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. ముందు అందుకున్నది సన్యాసమ్మే.

"ఓడిపోయినాడ్రోయ్! కూర్మంగాడు అడిగీసినాడు!"

ఇప్పుడు నేను వంటగదిలో ఉన్నాను. ముప్ఫై నలుగురికి నాచు పకోడీ. పుదీనా దాలినాయుడి అత్త ఇచ్చింది. నూనె కాగుతుంటే, గౌరీశు పొయ్యి పక్కనే బల్ల వేసుకుని నా అర్జీ మొదలుపెట్టాడు. పదకొండేళ్ళ సర్వీసున్నవాణ్ణి విచారణ జరపకుండా తియ్యకూడదట, అదొక్కటీ పట్టుకుంటే చాలట. గెలుస్తానని చెప్పలేదు.

"రేపు రాద్దాం, చేతులకి పిండి ఉంది" అన్నాను.

సన్యాసమ్మ నా చెయ్యి పట్టి లాగి, పిండితోనే బొటనవేలు అర్జీ మీద గట్టిగా నొక్కింది.

గౌరీశు చివరి పేజీ తిప్పాడు. ఆలస్యానికి కారణం అనే గడి దగ్గర కలం ఆపి, ఆర్డరు అందిన తేదీ ఇవాళేనని చూసుకుని దాటేశాడు. పాతికేళ్ళుగా అర్జీలు రాస్తున్నాడు, ఆ గడి ఖాళీగా వదలడం ఇదే మొదటిసారట.